రాజుగారి కుదురు

ఆ ఉదయం మేస్త్రమ్మకు ఊపిరి సలపలేదు. పోయినవాడు రాజుగారు కావడంతో ఊళ్ళో ప్రతి సంఘానికీ ఒక పూలచక్రం కావలసి వచ్చింది. వర్తకులకొకటి, టికెట్ల గదివాళ్ళకొకటి, ఎదురు వీధి బడివాళ్ళకొకటి. ఆయన ఆటకు ఏనాడూ మనస్ఫూర్తిగా చప్పట్లు కొట్టని పోటీ సమాజం వాళ్ళయితే, అందరికన్నా పెద్దది కావాలని చెప్పి మరీ వెళ్ళారు. బతికుండగా చూపించని పెద్దమనసును ఇప్పుడు కొలతల్లో చూపిస్తున్నారనుకుంది మేస్త్రమ్మ, బెత్తపు చుట్టును మోకాళ్ళ మధ్య ఇరికించుకుని ఆకులు బిగిస్తూ.

రాజుగారు సింహాసనం ఎక్కిన మాట నిజమే గానీ, అది చెక్క సింహాసనం. నాటకశాలలో జుట్టు నల్లగా ఉన్ననాడు రాజు వేషం కట్టాడు, జుట్టు నెరిసినా దిగలేదు. నాటకం మారేది, రాజ్యం మారేది, రాజు మాత్రం ఆయనే. అసలు పేరు పోస్టుమాన్‌కి కూడా గుర్తులేదు. ఆయన భార్యది ఇస్త్రీ దుకాణం. పగలంతా అక్కడ బొగ్గులు రాజేసి, మడతపెట్టిన బట్టలు ఇంటింటికీ చేరవేసి, సాయంత్రం రాజ్యమేలడానికి వచ్చేవాడు. "అక్కడ చేతులకి మసి, ఇక్కడ మీసాలకి మసి. రాజునైనా మసి తప్పలేదు" అని తన మీద తనే నవ్వుకునేవాడు.

ఆ తల మీద కిరీటం పెట్టింది మేస్త్రమ్మే. మొదటిసారి పెట్టినప్పుడు ఆమె ఇంకా రెండు జడల పిల్ల. కిరీటాలు చేసి పెట్టే వాళ్ళ నాన్న ఆ రోజు చేతికి దెబ్బ తగిలి కట్టు కట్టించుకున్నాడు. తెర లేవడానికి వేళవుతోంది. పీట వేసుకుని ఎక్కినా ఆమెకు ఎత్తు చాలలేదు. అద్దం ముందు కూర్చున్న రాజుగారు లేచి నిలబడి, ఆమె ముందు మోకాలి మీద వంగాడు. "రాజన్నవాడు తల వంచాల్సింది ఈ ఒక్క పనికే. కానివ్వు తల్లీ" అన్నాడు. ఆ పిల్ల పెట్టిన కిరీటం వెంట్రుకవాసి కూడా వంకర పోలేదు.

మేస్త్రమ్మ దుకాణానికి రెండు గుమ్మాలు. వీధివైపు గుమ్మం పూలచక్రాలది, అమ్మది. నాటకశాల పెరట్లోకి తెరుచుకునే గుమ్మం కిరీటాలది, నాన్నది. మధ్యలో ఉన్నది ఒక్కటే పొడుగాటి గది. ఒక కొస తడి ఆకుల వాసన, రెండో కొస ఉడికిన జిగురు వాసన. ఆ రెండూ కలిసేచోట ఉయ్యాలలో పెరిగింది మేస్త్రమ్మ. నాన్న కిరీటాల మేస్త్రి. పాత కాగితాలు నానబెట్టి, రుబ్బి, జిగురు కలిపి, ఆ గుజ్జును మట్టి అచ్చు మీద పొరలు పొరలుగా అద్ది ఆరబెట్టేవాడు. పైన తగరపు రేకు అంటించి గాజురాళ్ళు పొదిగేవాడు. ఆయన తరవాత పని ఆమెకు వచ్చింది, పనితోపాటు పేరూ వచ్చింది. మేస్త్రి కూతురు కాస్తా మేస్త్రమ్మ అయింది.

ఆ గదిలో అమ్మకూ నాన్నకూ పని ఉన్నంతసేపూ వాదన ఉండేది. కిరీటం గొప్పదా, ఆకుల చక్రం గొప్పదా? నాన్నకు చదువు తక్కువే గానీ, కిరీటాల బొమ్మల కోసం నాటకశాల బీరువాలోని చరిత్ర పుస్తకాలన్నీ తిరగేసేవాడు. చదివింది మర్నాడు జిగురు కలుపుతూ అప్పజెప్పేవాడు. గ్రీకుల ఆటల్లో గెలిచినవాడికి బంగారం ఇచ్చేవారు కాదట, అడవి ఆలివ్ కొమ్మ ఒకటి వంచి తలకు చుట్టేవారట. రోమ్‌లో తోటివాడి ప్రాణం కాపాడినవాడికి ఓక్ ఆకులు పెట్టేవారట. ముట్టడిలో చిక్కుకున్న సైన్యాన్ని గట్టెక్కించిన సేనాపతికయితే, ఆ నేల మీద మొలిచిన గడ్డే పీకి, అల్లి, ఆ సైన్యమే సమర్పించుకునేదట. దానికి మించిన గౌరవం అక్కడ మరొకటి లేదట.

"చూశారా, గడ్డి" అనేది అమ్మ కత్తెర ఆపకుండానే. "మీ తగరం మాట ఎవడైనా ఎత్తాడా?"

"తరవాత అదే ఆకుల్ని బంగారంతో చేయించుకున్నారు. ఎందుకూ? నీవి సాయంత్రానికి వాడిపోతాయని."

"వాడిపోతాయి కాబట్టే మనసులో ఉంటాయి. మీవి వాడవు కాబట్టి బీరువాలో ఉంటాయి."

జిగురు మాడుతోందంటూ నాన్న లేచిపోయేవాడు. జిగురు మాడేది కాదు. అది అమ్మకూ తెలుసు.

అమ్మ పనిలో అమ్మ పద్ధతి ఉండేది. పెళ్ళికూతురి తలకు కట్టే పూలచక్రానికి వెనక రెండు కొసలూ వదులుగా వదిలి ముడి వేసేది. బతుకు ముందుంది, సర్దుకోవడానికి జాగా ఉండాలనేది. పందెంలో గెలిచినవాడికి కట్టేదాన్ని నుదుటి దగ్గర కాస్త తెరిచి ఉంచేది. ఈ గెలుపు రాబోయే గెలుపుకు చోటివ్వాలి కదా. పోయినవాళ్ళ చక్రం మాత్రం ఎక్కడ మొదలైందో, ఎక్కడ ముగిసిందో ఎంత వెతికినా దొరకనట్టు కలిపేసేది. చూసినవాళ్ళకు అయిపోయిందనిపించకూడదట. చిన్నప్పుడు మేస్త్రమ్మ ఆ కలిపిన చోటు పట్టుకోవడం ఒక ఆటగా ఆడేది. ఒక్కసారీ గెలవలేదు.

నాన్న పట్టింపులు నాన్నకుండేవి. ఎవరి తల మీద వాళ్ళు పెట్టుకుంటే అది టోపీ, ఇంకొకరు పెడితేనే కిరీటం అనేవాడు. అందుకని ఆ నాటకశాలలో ఏ రాజూ తన కిరీటాన్ని తాను ముట్టుకునేవాడు కాదు. మేస్త్రి ఇంటివాళ్ళే పెట్టాలి, ఆట అయ్యాక వాళ్ళే తీయాలి. కిరీటం నాటకశాల గడప దాటకూడదన్నది ఇంకో పట్టింపు. దాని వెనక ఒక కథ ఉంది. పూర్వం ఒక రాజు వేషగాడు రంగు కడుక్కోకుండా, కిరీటంతో సహా ఇంటికెళ్ళి, గుమ్మంలో నిలబడి కాళ్ళకు నీళ్ళు తెమ్మని భార్యను ఆజ్ఞాపించాడట. ఆవిడ మారుమాట్లాడకుండా ఆ కిరీటాన్నే ఊడబెరికి, తలకిందులు చేసి కుండలో ముంచి నీళ్ళు తెచ్చిందట. కాగితపు గుజ్జు కదా, గుమ్మం చేరేలోగా రాజ్యం కరిగి నేలపాలయింది. "ఇంటికెళ్తే ఏ కిరీటమైనా అంతే" అని ముగించేవాడు నాన్న, అమ్మ వైపు చూడకుండా.

అన్నిటికన్నా ముఖ్యమైంది కుదురు. కుండ కింద పెట్టే చుట్టకుదురు లాంటిదే అది. సన్నటి బెత్తాన్ని నటుడి తల చుట్టుకొలతకు వంచి, దూది చుట్టి, మెత్తటి బట్టతో కుట్టి, కిరీటం లోపల అమర్చేవారు. కిరీటం వేషానిది, కుదురు మనిషిది. ఒకే కిరీటాన్ని ఎంతమంది రాజులైనా ధరించవచ్చు గానీ, ఒకరి కుదురు ఇంకొకరికి పనికిరాదు. ఏళ్ళ తరబడి చెమటకు తడిసి, ఆరి, ఆ తల వంపులన్నీ పట్టేసి, కళ్ళు మూసుకుని తడిమినా ఎవరిదో చెప్పేటట్టుంటుంది. నటుడు వేషం మానేసిన రోజున మేస్త్రి ఆ కుదురు విప్పి, అందరి ముందూ అతని చేతుల్లో పెట్టాలి. వీడ్కోలంటే అదే. ప్రసంగాలూ ఫొటోలూ అన్నీ ఆ తరవాతే.

రాజుగారి కుదురు మాత్రం మేస్త్రమ్మ విప్పలేదు.

కిందటేడు ఆయనకు మెట్లెక్కితే ఆయాసం రావడం మొదలైంది. కొన్నాళ్ళు విశ్రాంతి అన్నారు. ఆ కొన్నాళ్ళు సాగుతూనే పోయాయి. వేషం ఇంకొకతనికి వచ్చింది, అతన్ని అందరూ కొత్తరాజు అన్నారు. మంచివాడే. గొంతుంది, ఒడ్డూ పొడుగూ ఉంది, తల మాత్రం చిన్నది. పద్ధతి ప్రకారం పాత కుదురు తీసి కొత్తది కుట్టాలి. మేస్త్రమ్మ కత్తెర పట్టుకుని కూర్చుంది, లేచింది, మళ్ళీ కూర్చుంది. తీస్తే, ఆయన ఇక రాడని తన చేతులతో తాను తీర్పు చెప్పినట్టవుతుంది. చివరికి పాత కుదురు మీదే ఇంత దూది కుక్కి సరిపెట్టింది. ఒక్క గాజురాయి రవ్వంత పక్కకు జరిగినా నిద్రపట్టని మనిషి, ఆ దూది పని మాత్రం చూసీ చూడనట్టు ఊరుకుంది.

"మేస్త్రమ్మగారూ, నేను ఒక్కసారి తల ఊపితే చాలు, రాజ్యం ముక్కు మీదకొస్తోంది" అని కొత్తరాజు మొరపెట్టుకునేవాడు.

"అయితే ఊపకు. రాజులు తలలూపరు" అనేసేది.

మధ్యలో ఒకరోజు రాజుగారిని చూడ్డానికి వెళ్ళింది. దిండ్లకు చేరగిలబడి ఉన్న మనిషి, ఆమె లోపలికి రాగానే మొహం కాదు, ముందు చేతులు చూశాడు. పళ్ళ సంచీ తప్ప వాటిలో ఇంకేమీ లేదు.

"కుదురు తెచ్చావేమో అనుకున్నా" అన్నాడు.

"తేవడం ఎందుకన్నయ్యా, మీరే వస్తారుగా."

"వస్తాలే" అన్నాడాయన, ఆమె మాట తీసెయ్యలేక.

ఆ 'వస్తాలే' ఈ ఉదయం ఆకుల మధ్య ముల్లులా మాటిమాటికీ గుచ్చుకుంటోంది.

పెరటివైపు తలుపు చప్పుడైంది. తలెత్తి చూస్తే గుమ్మంలో రాజుగారి భార్య. మేస్త్రమ్మ ఒళ్ళోని ఆకులు నేలరాలాయి. మనిషిని ఇంట్లో పడుకోబెట్టి, చుట్టాలందరినీ వదిలి, ఈవిడ ఒంటరిగా ఇక్కడికెలా వచ్చింది? ఒంటిమీది బట్ట మడత నలగలేదు. ఇవాళ కూడా ఇస్త్రీ చేసుకునే కట్టుకుంది. చేతుల అలవాటది, దుఃఖం దాని జోలికి పోలేదు.

ఆవిడ ఆ గదిలో అడుగుపెట్టడం అదే మొదలు. వేషాలు కట్టే చోటికి వేషగాళ్ళ ఇళ్ళ ఆడవాళ్ళు రాకూడదని నాటక సమాజంలో ఒక మాట ఉండేది. భార్యను చూస్తే రాజుకు నవ్వొస్తుందనో, రాజును చూస్తే భార్యకు నవ్వొస్తుందనో. కారణం ఎవరికీ సరిగా తెలియదు, మాట మాత్రం ఎవరూ దాటలేదు.

మేస్త్రమ్మ ఎదురెళ్ళి చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి బల్ల మీద కూర్చోబెట్టింది. ఆవిడ ఏడవలేదు. గదంతా కలియజూసి, గోడకు వరసగా తగిలించిన కిరీటాల దగ్గర చూపు నిలిపి, వాటిలో ఆయనది ఏదని అడిగింది. మేస్త్రమ్మ చూపించింది.

"ఇంతేనా" అంది ఆవిడ. "వెనక వరసలోంచి చూస్తే ఇంకా పెద్దదనిపించేది."

తరవాత, వచ్చిన పని చెప్పింది. సాయంత్రానికి ఆయన్ను తీసుకెళ్ళిపోతారు. అంతకుముందు ఆ కిరీటం ఒక్కసారి ఆయన తలకు పెట్టాలి. తనే పెట్టాలి.

"ఊరంతా ఆయన కిరీటం చూసింది. నాకు తెలిసింది అది మిగిల్చిన చార" అంటూ నుదుటికి అడ్డంగా వేలు గీసి చూపించింది. "ఆట అయి ఇంటికొస్తే ఇక్కడ ఎర్రగా కందిపోయి ఉండేది. నూనె రాసి రుద్దితే గానీ కునుకు పట్టేది కాదు ఆ మనిషికి. ఇన్నేళ్ళూ మీరు పెట్టారు, నేను రుద్దాను. ఒక్కసారి నన్ను పెట్టనివ్వు, అమ్మాయ్."

మేస్త్రమ్మ చూపు గోడ మీది కిరీటం మీదికి పోయింది. వద్దనడానికి తనెవరు? సరే అనడానికి మాత్రం తనెవరు?

ఆ సమయానికే నాటకశాల మేనేజరు, వెనకాలే కొత్తరాజు వచ్చారు. ఆట ఆపవద్దని రాజుగారే చెప్పి పోయారట, అందుకని సాయంత్రానికి కిరీటం సిద్ధంగా ఉందో లేదో కనుక్కోవడానికి వచ్చారు. రాజుగారి భార్యను చూసి ఇద్దరూ గుమ్మంలోనే ఆగిపోయారు. సంగతి తెలిశాక మేనేజరు మొహం చిన్నబోయింది. ఆయన చెడ్డవాడు కాదు, తలలో ఎప్పుడూ సాయంత్రం ఆటే ఉంటుంది, అంతే. మెల్లగా, మర్యాదగా నచ్చజెప్పాడు. గడప దాటకూడదన్న కట్టుబాటు ఒక్కటే అయితే ఆయనే కళ్ళు మూసుకునేవాడట. కానీ నటుల మనసులు గాజురాళ్ళ కన్నా తొందరగా ఊడిపోతాయి. పోయిన మనిషి తలకు పెట్టిన కిరీటాన్ని రేపు ఎవరు పెట్టుకుంటారు?

"నేను పెట్టుకుంటాను" అన్నాడు కొత్తరాజు. అనేశాక కాస్త తడబడ్డాడు.

"నువ్వు పెట్టుకుంటావు నాయనా. నీ తరవాతివాడు?" అన్నాడు మేనేజరు.

రాజుగారి భార్య వాదించలేదు. వీధివైపు ఆరబోసినట్టు పేర్చి ఉన్న పూలచక్రాల వంక చూసింది. "ఇంటినిండా ఇవే. అడుగు తీసి అడుగు వేసే చోటు లేదు. అన్నీ ఎవరెవరివో. ఆయనకి నేను పెట్టేది ఒక్కటీ లేదు" అంది. అని, మోకాళ్ళ మీద చేతులాన్చి లేవబోయింది.

మేస్త్రమ్మ ఆవిడ భుజం మీద చెయ్యి వేసి ఆపింది. గోడ మీది కిరీటం దింపింది. తీసుకొచ్చి, ఎవరి వంకా చూడకుండా, బల్ల మీద బోర్లించకుండా వెల్లకిలా పెట్టింది. బయటికి ధగధగలాడే కిరీటం లోపల చూస్తే గుజ్జు గరుకు, దారపు కుట్లు, వాటి మధ్య అడ్డదిడ్డంగా కుక్కిన దూది. ఆ దూదిని నలుగురి ముందూ చూస్తుంటే మేస్త్రమ్మ చెవులు వేడెక్కాయి.

"వదినా, ఇందులో అన్నయ్యకు రావలసింది ఒకటుంది. ఎప్పుడో ఇవ్వాల్సింది, నాకు చేతులు రాలేదు" అంది.

దూది పీకేసింది. కత్తెర మొనతో కుట్టు వెంట కుట్టు తెంపింది. చివరి కుట్టు తెగగానే కుదురు దానంతటదే ఊడి చేతిలోకి వచ్చింది. ఒకప్పుడు తెల్లగా ఉన్న బట్ట చెమటకు తేనెరంగు తిరిగింది. గుండ్రంగా కుట్టిన ఆ కుదురు ఇప్పుడు గుండ్రంగా లేదు, అచ్చం ఆ మనిషి తలలా వెనకవైపు కాస్త సాగి, ముందు కాస్త నొక్కుకుపోయి ఉంది. కొత్తరాజు తన తల తడుముకున్నాడు. "ఇన్నాళ్ళూ ఆయన్నే పెట్టుకు తిరిగానా నేను" అన్నాడు లోగొంతుకతో.

మేస్త్రమ్మ కుదురును రెండు చేతులతో పట్టుకుని రాజుగారి భార్య చేతుల్లో పెట్టింది. కిరీటం వేషానిది, అది ఇక్కడే ఉంటుందని, ఇది ఆయనదేనని, దీనికి ఏ గడపా అడ్డం లేదని చెప్పింది. మేనేజరు వైపు చూసింది. ఆయన తల వంచాడు.

ఆవిడ కుదురును ఒళ్ళో పెట్టుకుని, బట్ట అంచు పరీక్షించినట్టు బొటనవేలితో చుట్టూ తడిమింది. ఒకచోట వేలు ఆగింది. బెత్తం రెండు కొసలూ కలిపి కట్టినచోట, దూది ఎంత చుట్టినా, చిన్న గట్టి ముడి తగులుతోంది.

"ఇదా" అంది. "ఎడమ కణత దగ్గర ఎప్పుడూ ఎక్కువ కందేది. ఎందుకా అనుకునేదాన్ని. ఇంత నాజూకుగా కుట్టారు, ఈ ముడి కాస్త జుట్టు వైపుకి జరపలేకపోయారా, అమ్మాయ్?"

మేస్త్రమ్మ బిక్కచచ్చిపోయింది. నాన్న పనికి ఇన్నేళ్ళలో ఎవరూ పెట్టని వంక అది. "ఆయన ఒక్కసారీ చెప్పలేదు వదినా. చెబితే ఆ పూటే జరిపేవాళ్ళం. ఎన్నిసార్లు అడిగామో, హాయిగా ఉంది అనేవారు."

"చెప్తే మీరు జరిపేస్తారు" అంది ఆవిడ. ముడి మీది వేలు తీయలేదు. "అప్పుడు నేను రుద్దడం మానేస్తాను."

ఆ మాట అన్నాక ఆవిడకు నవ్వొచ్చింది. పమిట నోటికి అడ్డం పెట్టుకుని భుజాలు కదిలేలా నవ్వింది. నవ్వు ఎక్కడ ఆగిందో, ఏడుపు ఎక్కడ మొదలైందో చూస్తున్న ముగ్గురికీ తెలియలేదు. మేనేజరు కొత్తరాజును చెయ్యి పట్టుకుని పెరట్లోకి తీసుకుపోయి తలుపు దగ్గరగా వేశాడు.

ఆవిడ తేరుకున్నాక మేస్త్రమ్మ ఒక సందేహం బయటపెట్టింది. కుదురు ఇలాగే ఆయన తలకు పెడితే, తెలియనివాళ్ళు ఏదో పాతగుడ్డ చుట్టారనుకుంటారు. పైన నాలుగు పూలు కడితే? ఆవిడ ఒప్పుకోలేదు. పూలు వద్దంది, ఆయనకు తుమ్ములొస్తాయంది. ఆకులయితే సరే. అవి కూడా తనే కడతానంది.

ఇద్దరూ గదికి అవతలి కొసన, అమ్మ కూర్చునే చోట, తడి గోనె మీద ఎదురెదురుగా కూర్చున్నారు. మేస్త్రమ్మ చిగుళ్ళు తుంచి అందిస్తే, ఆవిడ ఒక్కొక్క ఆకునీ అరచేత్తో అదిమి సాపు చేసి మరీ కట్టింది. నలిగిన ఆకు కనిపిస్తే పక్కన పెట్టేసింది. ఆకులు వరసలో నిలవలేదు. ఒకటి పైకి లేచింది, ఒకటి పడుకుంది. మేస్త్రమ్మ వేళ్ళు ఒళ్ళోనే అటూ ఇటూ కదిలాయి, బయటికి రాలేదు. చుట్టూ తిరిగి వచ్చి కొసలు కలిసేచోట ఆవిడ గబుక్కున ఇస్త్రీ బట్టల మూటకు వేసినట్టు పెద్ద ముడి వేసేసింది.

ముడి కనబడకుండా కలిపేసే పద్ధతి ఒకటుందని, అమ్మ అలాగే కట్టేదని, కావాలంటే చూపిస్తానని మేస్త్రమ్మ మెత్తగా అంది. ఎందుకలా అని ఆవిడ అడిగింది. మేస్త్రమ్మ అమ్మ మాట చెప్పింది, చూసినవాళ్ళకు అయిపోయిందనిపించకూడదట అని.

ఆవిడ ముడిని చూసుకుంది. "కనబడనీలే" అంది. "అయిపోయింది కదా."

మధ్యాహ్నం ఎండ తగ్గాక ఇద్దరూ కలిసే ఆ ఇంటికి వెళ్ళారు. ఇస్త్రీ దుకాణం వెనకే ఇల్లు. పోటీ సమాజం వాళ్ళ పూలచక్రం గుమ్మంలోంచి పట్టక బయట గోడకు చేరవేసి ఉంది. దాన్ని మోసుకొచ్చిన మనిషి ఇంకా దారి దొరుకుతుందేమోనని తలుపు కొలుస్తున్నట్టు నిలబడ్డాడు. లోపల ముందుగదిలో రాజుగారు పడుకుని ఉన్నాడు. రంగు లేదు, మీసాలకు మసి లేదు. మేస్త్రమ్మకు ఆ మొహం ఎంతో చిన్నదిగా, ఎప్పుడో పీట పక్కన మోకాలి మీద వంగిన మనిషి మొహంలా కుర్రగా కనిపించింది. నుదుటి మీద, ఏళ్ళ తరబడి కిరీటం కూర్చున్నచోట, సన్నటి గీత. అది ఇక ఎర్రబడదు.

జనం దారిచ్చారు. ఆవిడ తలవైపు నిలబడింది. మేస్త్రమ్మ పక్కకు తప్పుకుని గోడకు ఆనుకుంది. కిరీటం పెట్టడంలో ఒక లెక్క ఉంది. ముందు వెనకవైపు ఆనించాలి, తరవాత నుదుటికి దింపాలి, కనుబొమలకు పైన నాలుగు వేళ్ళ చోటు వదలాలి, రెండు చెవులకూ సమంగా ఉందో లేదో ఎదురుగా వెళ్ళి చూడాలి. ఆవిడకు అవేవీ తెలియవు. చలిలో పిల్లాడి తలకు టోపీ లాగినట్టు ముందునుంచి పెట్టి, నుదురంతా కప్పేదాకా కిందికి లాగింది. ఎడమవైపు బాగా దిగింది, కుడివైపు చెవి పైనే ఉండిపోయింది. మూట ముడి అందరికీ కనబడేటట్టు కణత దగ్గరికొచ్చి కూర్చుంది.

గుంపులోంచి కొత్తరాజు మేస్త్రమ్మ పక్కకు జరిగాడు. "వంకరగా ఉందండీ, మీరొకసారి..." అని గుసగుసలాడాడు. ఆమె చేతులు అప్పటికే గోడ వదిలి సగం దాకా లేచాయి. ఆ చేతుల్ని ఒకదాంతో ఒకటి గట్టిగా పట్టుకుంది.

ఆవిడ ఒకడుగు వెనక్కి వేసి, చేసిన పనిని ఇస్త్రీ చొక్కాను చూసినట్టు తల వాల్చి చూసుకుంది. అంతలో అనుమానం వచ్చినట్టుంది, జనంలో మేస్త్రమ్మ కోసం వెతికింది.

"సరిగ్గా పెట్టానా, అమ్మాయ్?"

మేస్త్రమ్మ దగ్గరికి వెళ్ళింది. అలవాటు చొప్పున ఎదురుగా నిలబడి, రెండు చెవుల వైపూ చూసింది. జీవితంలో ఏ తల మీదా, ఏ రాజుకూ, వంకరగా ఉన్నదాన్ని బాగుందని ఆమె అనలేదు.

"సరిగ్గా ఉంది వదినా" అంది.

అప్పుడు ఆవిడ పక్కకు తప్పుకుని, మోసేవాళ్ళకు దారిచ్చింది.